మా ఆయన్ని తుడిచేసిన వేసవి

ఆ వేసవి మా ఇంట్లో సినిమా తీశారు. ఇల్లు పీకి పందిరి వెయ్యడమంటే ఏమిటో నాకు అప్పుడు తెలిసింది. వెనక గదిలో మంచం ముందు గదిలోకి వచ్చింది, దాని వెనకే బీరువా కూడా వచ్చింది, వంటింటి డబ్బాలన్నీ మెట్ల కిందికి చేరాయి. చివరికి నన్నెక్కడ పెట్టాలో తెలియక వీధి తలుపు పక్కన ఒక స్టూలు వేసి కూర్చోబెట్టారు. నా ఇంట్లో నేనే చుట్టాన్నయ్యాను.

తీసేది మా అమ్మాయే. డైరెక్టరు. అంతకుముందు చాలా ఏళ్ళు అది సినిమాల్లో కంప్యూటరు దగ్గర పని చేసింది. హీరో గాల్లో ఎగురుతాడు చూడండి, అప్పుడు నడుముకి కట్టిన తాడు మనకి కనబడకుండా చేసేది అదే. రాని వాన కురిపించేది, ఉన్న కరెంటు స్తంభాన్ని మాయం చేసేది. మీ అమ్మాయి ఏం చేస్తుందండీ అని ఎవరైనా అడిగితే మా ఆయన "తుడుస్తుంది" అని ఊరుకునేవారు. అడిగినవాళ్ళు పాపం అన్నట్టు చూసి, ఏదైనా మంచి ఉద్యోగం దొరుకుతుందిలెండి అని ఓదార్చి పోయేవారు. ఆయనకి అదో సరదా.

ఆయనది రఫూ పని. సిగరెట్టు పడి కాలిన కోటు, ఎలక కొట్టిన శాలువా, మేకు పట్టి చిరిగిన చీర, ఏదిచ్చినా సరే, ఆ గుడ్డ అంచులోంచే దారాలు లాగి, దాని నేత ఎలా ఉందో అలాగే అల్లి, చిరుగు ఎక్కడుండేదో ఇచ్చినవాడే వెతుక్కునేట్టు చేసేవారు. చిన్నప్పుడు మా అమ్మాయి బడి నుంచి రాగానే ఆయన పక్కన చేరి దారాలు ఏరిపెట్టేది. "పిచ్చుకా, ఇది నలుపేనా?" అంటే, "కాదు నాన్నా, నీలం. నిద్రపోతున్న నీలం" అనేది. ఎంత ఎదిగినా ఆయనకది పిచ్చుకే. ఇంటి పైకప్పు లేచిపోయేలా అరిచేది మరి, పిట్ట కొంచెమే గాని.

వాళ్ళిద్దరి పనులూ ఒక్కలాంటివేనని నేను వేళాకోళం చేసేదాన్ని. పని బాగా కుదిరిందంటే పని చేసినట్టే తెలియకూడదు. ఇక మెచ్చుకునేదెవరు? తండ్రికీ కూతురికీ ఏరికోరి మెప్పు రాని పనులే దొరికాయి.

సొంతంగా ఒక సినిమా తియ్యాలని దానికి ఎప్పట్నుంచో ఉంది. ఎవరెవరి గుమ్మాలో తొక్కింది. అందరూ, నువ్వు బాగా తుడుస్తావమ్మా, అది చేసుకో అనేవాళ్ళు. ఆ ఏడు ఒక నిర్మాత సరేనన్నాడు, వానాకాలం పోయేలోపు సినిమా చేతికివ్వాలని మాట తీసుకుని. కథ ఏమీ పెద్దది కాదు. ఒక ముసలావిడ. భర్త పోయాక అదే ఇంట్లో ఒక్కతే ఉంటుంది. అంతే. పాటలు లేవు, కొట్లాటలు లేవు. "మరి ఇందులో నువ్వు తుడవడానికేముందే?" అని మా ఆయన అడిగారు. "ఏమీ లేదు నాన్నా. అందుకే తీస్తున్నా" అంది.

మా ఇల్లు ఎంచుకున్నది మాత్రం మా అమ్మాయి కాదు, కెమెరా అతను. అతని తల మీద ఒక్క వెంట్రుక లేదు. యూనిట్లో అందరూ గుండూ అనే పిలిచేవాళ్ళు, అతనూ హాయిగా పలికేవాడు. ఒకరోజు భోజనానికి వచ్చి, చెయ్యి కడుక్కోవడానికి వెనక వరండాలోకి వెళ్ళినవాడు తడిచేత్తోనే అక్కడ నిలబడిపోయాడు. మా వరండా కిటికీలోంచి మధ్యాహ్నం వాలాక ఎండ ఏటవాలుగా వచ్చి గోడ మీద పడుతుంది. వేసవిలోనే అలా పడుతుంది. పాత గోడ కదా, సున్నం పొరలు పొరలుగా ఉండి, ఆ కాసేపు అదేదో పట్టుబట్టలా మెరుస్తుంది. ఇక్కడే తియ్యాలి మేడమ్ అన్నాడు గుండు.

వచ్చిన చిక్కల్లా ఏమిటంటే, మా ఆయన దారం రంగు చూసుకునేదీ ఆ కిటికీ దగ్గరే, ఆ వేళకే. దీపం వెలుతురు అబద్ధమాడుతుంది, ఆ ఎండ ఆడదు అనేవారు. అందుకని వాళ్ళిద్దరికీ రోజూ వాదనే.

"బాబాయ్ గారూ, భోజనాలయ్యాక ఆ కిటికీ నాది. మీరు ఆ పక్కకి రాకూడదు."

"పెళ్ళైన కొత్తల్నుంచి అది నాది నాయనా. నీకు అద్దెకిస్తున్నాను, గోడకి మేకులు కొట్టకు."

ఇక్కడ వాళ్ళ పనిలో ఒక పద్ధతి చెప్పాలి. ప్రతి షాటూ అయ్యాక మా అమ్మాయి "ఖాళీ తియ్యండి" అనేది. అంటే అందరూ పక్కకి తప్పుకోవాలి, కెమెరా మాత్రం ఉన్నచోటు నుంచి కదలకూడదు. మనుషులు లేని ఆ గదిని కాసేపు అలా తీస్తారు. ఊరికే గోడని తియ్యడమేమిటే అని అడిగాను. "తర్వాత చూసుకున్నప్పుడు అక్కర్లేనిదేదో మూల కనిపిస్తుందమ్మా. దాన్ని తుడిచేస్తే దాని వెనకాల ఏముందో నాకు కావాలిగా. ఆ ముక్క ఈ ఖాళీలోంచి తెచ్చుకుంటాను" అని చిలక్కి చెప్పినట్టు చెప్పింది. నాకన్నా ముందు మా ఆయనకి అర్థమైంది. "అంతేగా మరి, రఫూకి ఆ గుడ్డలోదే దారం కావాలి" అన్నారు. తండ్రీ కూతుళ్ళు ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకుని నవ్వుకున్నారు. నేనెప్పుడూ ఆ నవ్వుకి బయటే.

ముసలావిడ వేషం వేసినావిడది నా వయసే. జన్మంతా పక్కింటావిడ వేషాలే వేసిందట. తలుపు తట్టి, పంచదార ఉందా వదినా అని అడగడమే తన వృత్తి అని చెప్పుకుని నవ్వేది. సినిమా మొత్తం తన మీదే నడవడం అదే మొదలు. నన్ను నిజంగానే వదినా అనేది, మా ఆయన్ని అన్నయ్యా అనేది. షూటింగు లేనప్పుడు నా స్టూలు పక్కన ఇంకో స్టూలు వేయించుకుని నాతో కలిసి చిక్కుబడ్డ దారాలు విడదీసేది.

ఇక ఆ షాటు సంగతి. ఆవిడ ముందు గదిలో మంచం మీద కూర్చుని ఉతికిన బట్టలు మడతపెడుతుంది. వాటిలో ఒక మగవాళ్ళ చొక్కా వస్తుంది. అది మడతపెడుతూ ఏడవాలి. ఆవిడ వెనకాల తీసి ఉన్న తలుపులోంచి వరండా, కిటికీ, గోడ మీద ఎండ కనిపిస్తూ ఉండాలి. చెప్పడానికి గోరంత. నాలుగైదు రోజులు కూర్చున్నారు దాని మీద, రోజూ ఆ ఎండ ఉన్న కాసేపే తియ్యాలి కదా. ఆవిడ ఏడ్చేది, నాకైతే బాగానే ఉండేది, మా అమ్మాయి మాత్రం "బాగుందండీ, ఇంకొక్కసారి" అనేది. ఆడలేక మద్దెల ఓడన్నట్టు, మీ మంచం కిర్రుమంటోంది వదినా, దానివల్లే రావట్లేదు అని ఆవిడ తన మీద తనే జోకు వేసుకుంది. ఎవరూ నవ్వలేదు. ఆవిడా నవ్వలేదు.

ఆ రోజు ఎండ తిరిగిపోతోంది. ఆఖరిసారి అన్నారు. నేను నా స్టూలు మీద కుక్కిన పేనులా కూర్చున్నాను. ఆవిడ చొక్కా తీసింది. కాలరు సరిచేసింది. చేతులు మడిచింది. ఆవిడ చెయ్యి ఆగిపోయింది. తల ఎత్తి కెమెరా పక్కకెక్కడో చూసింది. అంతే, గిన్నె నిండి పొర్లినట్టు, పిలవకుండానే వచ్చింది ఏడుపు. మొహం వంకర పోలేదు, శబ్దం లేదు. కళ్ళు ఎక్కడో చూస్తున్నాయి, నీళ్ళు వాటి దారిన అవి పోతున్నాయి. 

ఆవిడ మొహం చూస్తూ ముందు ఎవరం గమనించలేదు గాని, ఆ చెయ్యి ఆగినప్పుడే వెనక వరండాలోకి మా ఆయన వచ్చారు.

బనీను, భుజాన తువ్వాలు, చేతి మీద ఎవరిదో బూడిద రంగు కోటు. తాపీగా నడుచుకుంటూ కిటికీ దగ్గరికి వెళ్ళారు. దారం సాగదీసి కోటు మీద పెట్టి, తల ఇటు వంచి చూసి, అటు వంచి చూసి, తనలో తాను సరే అన్నట్టు తలూపుకుని, ఎలా వచ్చారో అలాగే వెళ్ళిపోయారు. తర్వాత చెప్పారు, ఇల్లంతా నిశ్శబ్దంగా ఉంటే అందరూ టీకి వెళ్ళారనుకున్నారట. మాటలు వినబడితే మనుషులున్నట్టు, వినబడకపోతే లేనట్టు. ఆయన లెక్క అది. సినిమావాళ్ళ లెక్క తలకిందులు, నోళ్ళు మూతపడ్డాయంటేనే అక్కడ పని జరుగుతున్నట్టు.

మా అమ్మాయి చాలా నెమ్మదిగా కట్ అంది. గుండు రెండు చేతులూ గుండు మీద పెట్టుకున్నాడు. ఆవిడ ఏడుపు మాత్రం ఆగలేదు. కట్ చెప్పినా ఆగలేదు. మా అమ్మాయి వెళ్ళి ఆవిడ భుజాలు పట్టుకుని కూర్చుంది. కాసేపయ్యాక, ఇంకొకసారి చేద్దామా అని భయపడుతూ అడిగితే, ఇంక రాదమ్మా, ఎంత తవ్వినా రాదు అందావిడ.

ఈ గొడవంతా విని మా ఆయన తలుపు దగ్గరికి వచ్చి నిలబడ్డారు. దీపం బుడ్డి పగలగొట్టిన పిల్లాడిలా ఉంది మొహం. మా అమ్మాయి ఆయన్ని చూసింది. అరుస్తుందేమోనని నేను లేచాను. అరవలేదు, నవ్వేసింది.

"పర్లేదులే నాన్నా. నిన్ను తుడిచేస్తా."

"తుడువు తల్లీ. నేనేదో భోజనాల బల్లననుకున్నావు కాబోలు."

అందరూ నవ్వారు, ఏడుస్తున్నావిడతో సహా. ఆ నవ్వుల్లో, ఆవిడకి మంచినీళ్ళివ్వడంలో, గోడ మీది ఎండ జారిపోయింది. మేడమ్, ఖాళీ తియ్యలేదు అన్నాడు గుండు. ఎన్నడూ మర్చిపోని మనిషి మా అమ్మాయి, ఆ రోజే మర్చిపోయింది. "ఇల్లెక్కడికి పోతుంది, ఇంకో రోజు వచ్చి తీసుకుందాం" అంది.

మర్నాటి నుంచి వాళ్ళ షూటింగు వేరే ఊరికి మారింది. మంచం, బీరువా మళ్ళీ వెనక గదిలోకి చేరాయి. మా ఆయనకి మాత్రం కొత్త గొప్ప పట్టుకుంది. బట్టలివ్వడానికి వచ్చిన ప్రతివాళ్ళకీ, మా అమ్మాయి నా మీదే రఫూ చేస్తోందండీ అని చెప్పడమే. నోట్లో నువ్వుగింజ నానితేగా. సాయంత్రం ఫోనులో దాన్ని రోజూ అడగడమే.

"తుడిచావా?"

"ఇంకా లేదు నాన్నా, ఖాళీ తియ్యాలి."

"కాళ్ళు కొంచెం శ్రద్ధగా తుడువు. పగుళ్ళున్నాయి, పట్టుకుంటాయి."

ఒక మధ్యాహ్నం అదే కిటికీ దగ్గర కుర్చీ వేసుకుని కూర్చున్నారు. ఒళ్ళో కోటు ఉంది. నేను టీ తెచ్చి పక్కన పెట్టాను. చల్లారిపోతుంది తాగండి అన్నాను. ఊఁ అనలేదు. పనిలో ఉన్నప్పుడు ఎప్పుడూ అనరు. నేను లోపలికి వెళ్ళి, ఆరిన బట్టలు తీసి, మడతపెట్టి, మళ్ళీ వచ్చేసరికి టీ మీద మీగడ కట్టి ఉంది. సూది గుడ్డలోనే ఉంది, దారం సగం లాగి ఉంది.

ఆ తర్వాత జరగవలసినవన్నీ జరిగాయి. వచ్చినవాళ్ళు వచ్చారు, వెళ్ళినవాళ్ళు వెళ్ళారు. కోటు తాలూకు మనిషి వచ్చి, గుమ్మంలోనే నిలబడి ఏం అడగాలో తెలియక వెళ్ళిపోతుంటే నేనే పిలిచి ఇచ్చాను. అతను చిరుగు వెతుక్కుని, కనబడక, కోటు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. సగమే అయింది బాబూ, లోపలి వైపు చూడండి, ఆ పక్క ఇంకా మిగిలుంది అన్నాను. పర్లేదమ్మా, ఇలాగే వేసుకుంటాను అన్నాడు.

మా అమ్మాయి మళ్ళీ ఆఫీసుకి వెళ్ళడం మొదలుపెట్టింది. వచ్చేది, తినేది, గోడవైపు తిరిగి పడుకునేది. సినిమా ఎంతవరకు వచ్చిందని నేను అడగలేదు, అది చెప్పలేదు. ఇద్దరం ఒకళ్ళ కంట ఒకళ్ళం పడకుండా ఇంట్లో తిరిగాం. అంత చిన్న ఇంట్లో అది ఎంత కష్టమో.

చివరికి గుండు వచ్చి చెప్పాడు.

"పిన్నిగారూ, సినిమా అంతా అతికించేశాం. ఆ ఒక్క షాటే ఉండిపోయింది. మేడమ్ అది తెరవడం లేదు. ఆఫీసులో పిల్లలు మేం చేస్తామంటే ముట్టుకోవద్దంటోంది. ఖాళీ కూడా తియ్యలేదు కదా. మబ్బులు పట్టాయంటే ఆ ఎండ మళ్ళీ వచ్చే వేసవిదాకా రాదు. నిర్మాత అంతదాకా ఆగడు."

నన్ను తీసుకెళ్ళు అన్నాను.

అంతకుముందు నేనెప్పుడూ దాని ఆఫీసు చూడలేదు. పట్టపగలే నల్ల తెరలు కట్టి చీకటి చేసుకున్న పెద్ద హాలు. ఏసీ చలికి పళ్ళు కొట్టుకున్నాయి. వరసగా కంప్యూటర్లు, ఒక్కోదాని ముందు ఒక్కో పిల్లాడో పిల్లో. ఒకడు గుర్రం పొట్టకి కట్టిన తాడు తుడుస్తున్నాడు. ఇంకో పిల్ల మహారాజు చేతికున్న గడియారం తుడుస్తోంది, తియ్యడం మర్చిపోయాడట మహానుభావుడు. ఇంకోవేళైతే మా ఆయనకి చెప్పి నవ్వించడానికి ఇవన్నీ మనసులో మూట కట్టుకునేదాన్ని.

చూపించవే అన్నాను మా అమ్మాయితో. ఏది అని అడగలేదు. పక్కన నాకు కుర్చీ వేసి, ఆ షాటు తెర మీద తిప్పింది.

ఆయన వచ్చారు. తాపీగా నడిచారు. దారం చూసుకున్నారు. తలూపుకున్నారు. వెళ్ళిపోయారు.

మళ్ళీ అన్నాను. మళ్ళీ వచ్చారు. బతికుండగా ఆయన్ని అంతసేపు రెప్ప వెయ్యకుండా ఎప్పుడు చూశాను? పక్కనే ఉండే మనిషిని ఎవరు చూస్తారు కనక. ఎడమ కాలు కొంచెం ఈడుస్తున్నారు, అది నాకు తెలియనే తెలియదు.

"ఉంచెయ్యవే," అన్నాను. "ఆ మూల ఎవరు చూస్తారు?"

"అందరూ చూస్తారమ్మా. కదిలేది ఏదుంటే కన్ను దాని మీదకే పోతుంది. ఆవిడ ఇంట్లో ఒక్కతే ఉందనే కదా సినిమా అంతా. వెనకాల ఒక మగమనిషి తిరుగుతుంటే ఇంక సినిమా ఏముంది?"

గుండు గొంతు సవరించుకుని, పోనీ పోయిన భర్త ఆత్మ అనుకుంటారేమో మేడమ్, జనానికి నచ్చుతుంది కూడా అన్నాడు. మంచికే అన్నాడు పాపం. మా అమ్మాయి అతనివైపు తిరగను కూడా తిరగలేదు.

"మా నాన్న దయ్యం కాదు. దారం రంగు చూసుకోడానికొచ్చాడు."

అయితే ఆవిడ ఏడ్చిన వేరే షాటు పెట్టెయ్యి, అంతకుముందు రోజులవి ఉన్నాయిగా అన్నాను. సరే, అదే పెడతానంది. అంత తొందరగా ఒప్పుకుంటుందనుకోలేదు. గుండు లేచి బయటికి వెళ్ళిపోయాడు. నాకు అప్పటికి సంతోషమే. ఆయన్నెవరూ తుడవరు, అంతే నాకు కావలసింది. బస్సులో కూర్చున్నాక ఆ సంతోషం కొంచెం కొంచెంగా కారిపోయింది. ఇల్లు చేరి తాళం తీసేసరికి ఏమీ మిగల్లేదు. అన్నేళ్ళు ఎవరెవరి తాళ్ళో తుడుస్తూ ఆ ఒక్క సినిమా కోసం కూర్చున్న పిల్ల, దాన్ని అంత తేలిగ్గా ఎలా వదిలేసింది?

రెండు మూడు రోజులకి ఆవిడ వచ్చింది, వేషం వేసినావిడ. గుండు చెప్పే ఉంటాడు. జన్మకొక వేషం, అందులో ఆ ఒక్క ఘట్టం, అదీ పోతోంది కదా, ఉంచమని అడగడానికే వచ్చిందనుకున్నాను. మనసులో జవాబు కూడా సిద్ధం చేసుకున్నాను. ఆవిడ నా పక్కన స్టూలు వేసుకుని చాలాసేపు చిక్కు దారాలు తీస్తూ కూర్చుంది. ఎవరికోసం తీసిపెట్టాలో ఆ మనిషి ఇక లేడని ఇద్దరికీ తెలుసు. అయినా తీశాం.

"ఉంచమని అడగడానికి రాలేదు వదినా. తీసేస్తే తీసెయ్యమను. నాకొక్కటే చెప్పాలని ఉంది. ఆ రోజు కెమెరా పక్కనే మీ బీరువా పెట్టారు గుర్తుందా? దాని అద్దంలో నా వెనకాల అంతా కనిపిస్తోంది. అన్నయ్య రావడం నేను చూశాను."

నేను దారం వదిలేశాను.

"షాట్లోకి వచ్చేశాడని నాకు తెలుసు. ఆపొచ్చు, ఆపలేదు. ఎవరూ చూడటం లేదనుకుని తనలో తాను తలూపుకున్నాడు చూడు, మా ఆయన కూడా అలాగే ఊపుకునేవాడు, గడ్డం గీసుకున్నాక అద్దంలో చూసుకుని. అది మర్చిపోయి ఎన్నేళ్ళయిందో. అన్నయ్య ఊపేసరికి..." అని ఆగింది. "నేను నటించలేదు వదినా. ఆ రోజు అన్నయ్య రాకపోతే ఆ ఏడుపు లేదు."

ఆ సాయంత్రం మా అమ్మాయి అన్నం తింటుంటే ఈ మాట చెప్పాను. నా వైపు నుంచి ఏమీ కలపలేదు. దాని చెయ్యి కంచంలో ఆగిపోయింది. తర్వాత మళ్ళీ తినడం మొదలుపెట్టి, కంచం ఖాళీ చేసి, కడిగి బోర్లించింది. పొద్దున్నే లేచి వరండాలోకి వెళ్ళి ఆకాశం చూసింది. గుండుకి ఫోను చేసి, ఈవేళ ఎండ ఉండేలా ఉంది, వచ్చెయ్ అంది.

ముగ్గురమే. మంచం మళ్ళీ ముందు గదిలోకి లాగాం. కెమెరా ఆ రోజు ఎక్కడుందో గుండు కొలతలు చూసుకుని అక్కడే పెట్టాడు. వరండాలో ఆయన కుర్చీ ఉంది. ఆ రోజు అది లేదు అన్నాడు నెమ్మదిగా. నేనే తీసి వంటింట్లో పెట్టాను. ఎండ కిటికీలోంచి వచ్చింది, గోడ మీదికి పాకింది. గుండు కెమెరా మీద చెయ్యి పెట్టి మా అమ్మాయి వైపు చూశాడు. రోజుకి పదిసార్లు అనే మాటే. ఈసారి అది అనకుండానే తలూపింది.

కెమెరా తిరిగింది. ఇంతకుముందు షూటింగప్పుడు ఇలాంటి వేళ ఎంత హడావుడి, బాబాయ్ గారూ అటు రాకండి, తలుపు వేసుకోండి, దగ్గకండి అని. ఇప్పుడు ఎవరికీ ఏమీ చెప్పక్కర్లేకపోయింది. నేను ఆ తలుపువైపే చూస్తూ నిలబడ్డాను. ఎవరూ రాలేదు. గోడ మీద ఎండ అలాగే ఉంది. చాలు అన్నాడు గుండు. ఒక్కసారికే వచ్చేసింది మేడమ్ అన్నాడు, అని తల దించుకున్నాడు.

మర్నాడు బయల్దేరుతూ, నువ్వూ రా అమ్మా అంది. ఆ చీకటి హాల్లో దాని పక్కన కూర్చున్నాను. ఒక్క రెప్పపాటు సినిమాలో బోలెడు బొమ్మలుంటాయట, ఆయన ఎన్ని బొమ్మల్లో ఉంటే అన్నింట్లోనూ తుడవాలి. మా అమ్మాయి కంప్యూటరు కలం పట్టుకుంది. ఆయన మొహం దగ్గర పెట్టింది, తీసేసింది. మళ్ళీ పెట్టింది, తీసేసింది.

"ఎక్కడ మొదలుపెట్టాలో తెలియట్లేదమ్మా."

నాకు దాని పనేమిటో తెలియదు. ఆయన పనే తెలుసు. "మీ నాన్న ఎప్పుడూ చిరుగు దగ్గర మొదలుపెట్టేవారు కాదే. బాగున్న గుడ్డలో మొదలుపెట్టి చిరుగులోకి వచ్చేవారు" అన్నాను.

అది ఆయన్ని వదిలేసి, గోడ మీద ఆయన నీడ దగ్గరికి వెళ్ళింది. నీడని అందరూ మర్చిపోతారమ్మా, మనిషిని తుడిచేసి నీడ వదిలేస్తారు అంది. ముందు నీడ పోయింది. తర్వాత పాదాలు. శ్రద్ధగా తుడవమన్నాడు అంది, పగుళ్ళున్నాయని. ఇద్దరికీ నవ్వొచ్చింది. ఆ నవ్వు ఎక్కడ ఆపాలో తెలియక పక్క సీటు పిల్ల లేచి మంచినీళ్ళు తెచ్చేదాకా ఒకళ్ళనొకళ్ళం పట్టుకుని కూర్చున్నాం.

చాలా రోజులు పట్టింది. రోజూ వెళ్ళేదాన్ని. రోజుకి కొంచెం కొంచెంగా ఆయన తగ్గిపోయేవారు. కోటు పోయింది, తువ్వాలు పోయింది, దారం సాగదీసిన చేతులు పోయాయి. గోడలోంచి గోడ తెచ్చి, ఎండలోంచి ఎండ తెచ్చి అల్లుతూ వచ్చింది. ఆఖరికి తల ఒక్కటి మిగిలింది, అటూ ఇటూ వంగి, సరే అని ఊగే తల. కలం కింద పెట్టి, టీ తాగుదామా అంది. తాగుదాం అన్నాను. బయటికి వెళ్ళాం. మెట్ల మీద తొలి వాన చినుకులు పడుతున్నాయి. ఇద్దరం టీ పూర్తిగా తాగాం, చల్లారనివ్వలేదు. లోపలికి వచ్చాక అది కుర్చీ ముందుకి లాక్కుని పని చేసింది. నేను తెర వైపు చూడలేదు, దాని చెయ్యి చూశాను. తాపీగా కదిలింది. ఆయన చెయ్యి లాగే ఉంది.

"అయిపోయిందమ్మా" అంది.

వానలు తగ్గుముఖం పట్టాక సినిమా విడుదలైంది. మొదటి ఆట చూడ్డానికి అందరం వెళ్ళాం. గుండు ముందు వరసలో కూర్చుని మాటిమాటికీ వెనక్కి తిరిగి జనాన్ని లెక్కేసుకుంటున్నాడు. ఆవిడ కొత్త చీర కట్టుకుని వచ్చింది, తెర మీద తనని తాను చూసుకోలేక కొంగు నోట్లో కుక్కుకుంది. నేనూ మా అమ్మాయీ వెనకాల చివర సీట్లలో కూర్చున్నాం.

ఆ ఘట్టం వచ్చింది. ఆవిడ చొక్కా తీసింది. కాలరు సరిచేసింది. చెయ్యి ఆగింది. హాలు మొత్తం గాలి పీల్చడం మానేసినట్టయింది. ఎవరో చిన్నగా వెక్కారు. నా ముందు కూర్చున్న పెద్దమనిషి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. పాపం, ఒక్కతే అంత ఇంట్లో అని ఎవరో పక్కవాళ్ళతో అంటున్నారు. అందరి కళ్ళూ ఆవిడ మొహం మీదే ఉన్నాయి. మేమిద్దరమే ఆవిడని చూడటం లేదు, వెనకాల గోడని చూస్తున్నాం.

ఆయన నడిచి వచ్చే వేళకి మా అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది. కిటికీ దగ్గర నిలబడి దారం చూసుకున్నంతసేపూ గట్టిగా పట్టుకునే ఉంది. ఆయన తలూపుకుని వెళ్ళిపోయాక వదిలింది.